సినిమాల్లో గొర్రెల ఉన్ని కత్తిరింపు: పది సెకన్లకు మించి చూపించినవి ఉన్నాయా?

రీలుపిచ్చి
గొర్రెల కాపరుల జీవితం మీద వచ్చిన సినిమాలు వరసపెట్టి చూస్తున్నాను. ఒక్క విషయం మాత్రం చిరాకు తెప్పిస్తోంది. ఉన్ని కత్తిరించే సీను ఎందులో వచ్చినా దాదాపు ఒకటే తంతు. కత్తెర క్లోజప్, గాల్లో తేలే తెల్లటి ఉన్ని, నవ్వు మొహాలు, వెనక ఫిడేలు. అంతలోనే గొర్రె నున్నగా బయటికి పరుగు తీస్తుంది. అసలది వంచిన నడుం ఎత్తకుండా చేసే పని. ఒక్క గొర్రెనైనా మొదటి నుంచి చివరిదాకా ఓపిగ్గా చూపించిన సినిమా ఉందా? డాక్యుమెంటరీ అయినా, కథాచిత్రం అయినా సరే. పోటీల వీడియోలు మాత్రం వద్దు, అవి బోలెడు చూశాను.

మాటినీమేడం
మీరు అడిగినదానికి దగ్గరగా వచ్చేది ‘సండే టూ ఫార్ అవే’ (1975). కెన్ హానమ్ దర్శకుడు, జాక్ థాంప్సన్ హీరో. దక్షిణ ఆస్ట్రేలియా ప్రభుత్వం పెట్టిన ఫిల్మ్ కార్పొరేషన్ తీసిన మొదటి కథాచిత్రం ఇదే. గొర్రె మొత్తం కట్ లేకుండా ఉంటుందని హామీ ఇవ్వను గానీ, ఇందులో పని అలంకారం కాదు, పనే కథ. 1955లో జరుగుతుంది. ఫోలీ అనే అతను ఉన్ని కత్తిరించడంలో అందరికంటే వేగం. ఆ మొదటి స్థానం మీదికి ఇంకొకడు పోటీకొస్తాడు. తాగుడు, వంటవాడితో గొడవ, చివరికి బోనస్ కోత మీద సమ్మె. పచ్చిక బయళ్లు, వేణువు వగైరా ఏమీ లేవు. రేకుల షెడ్డు, చెమట, జిడ్డోడే బనియన్లు, అంతే. హీరోయిన్ కోసం వెతక్కండి, దొరకదు.

దానికి పదిహేనేళ్ల ముందు ‘ది సన్‌డౌనర్స్’ (1960) వచ్చింది. ఫ్రెడ్ జిన్నెమన్ తీశారు. రాబర్ట్ మిచమ్, డెబొరా కెర్ నటించారు. హాలీవుడ్ సినిమాయే అయినా ఆస్ట్రేలియా వెళ్లి మరీ తీశారు. అందులో ఒక కత్తిరింపు పోటీ ఉంది. హీరో గెలుస్తాడని చూసేవాళ్లంతా ఫిక్సయిపోయి ఉంటారు. ఓ ముసలాయన చేతిలో ఓడిపోతాడు! స్టార్ హీరోని అలా ఓడించడానికి దమ్ముండాలి.

షెడ్డుపిల్లోడు
సండే టూ ఫార్ అవే పేరు చూసి లాగిన్ అయ్యాను. ఆస్ట్రేలియాలో చదువుకునేటప్పుడు సెలవుల్లో షెడ్లలో పనిచేశాను. కత్తిరించే పని కాదు. కింద పడ్డ ఉన్ని ఎత్తి బల్ల మీద పరవడం, నేల ఊడవడం. రౌసబౌట్ అంటారు. షెడ్డులో అందరికంటే కిందిమెట్టు.

సినిమాలు వదిలేసేది కాలాన్ని. అక్కడ రోజుని రెండేసి గంటల చొప్పున నాలుగు భాగాలు చేస్తారు. గంట కొట్టగానే మెషిన్లు మొదలు, మళ్లీ గంట కొడితే ఆపడం. మధ్యలో టీ, భోజనం. ఆ రెండు గంటల్లో ఎవరూ నిటారుగా నిలబడరు. గొర్రెల లెక్కనే డబ్బు, గంటల లెక్కన కాదు. అందుకే పలకరిస్తే పలకరు.

నటుడు నిజంగా కత్తిరిస్తున్నాడా, నటిస్తున్నాడా అని తెలియాలంటే కుడిచెయ్యి చూడకండి, ఎడమచెయ్యి చూడండి. కుడిచేతిలో మెషిన్ నడుస్తుంది, కానీ అసలు పనితనం ఎడమచేతిలో ఉంటుంది. చర్మాన్ని బిగువుగా లాగి పట్టుకునేది అదే. ముడతపడ్డ చోట మెషిన్ మొనకుండే దువ్వెన పళ్లు దిగితే చర్మం తెగుతుంది. డూప్‌ని పెట్టిన సీన్లలో మొహం ఒక షాట్‌లో, చేతులు ఇంకో షాట్‌లో ఉంటాయి. రెండూ కలిసి ఒకే ఫ్రేములో ఉంటే ఆ నటుడు నేర్చుకున్నాడని అర్థం.

పని వరస ఇది. గొర్రెని ముందుకాళ్ల కింద పట్టుకుని వెనక్కి లాగి పిర్రల మీద కూర్చోబెడతారు. కాళ్లు నేలకి ఆనకపోతే పెనుగులాడటానికి దానికి ఊతం దొరకదు. ముందు పొట్ట మీది ఉన్ని తీసి పక్కకి విసిరేస్తారు. అది మురికిగా, పొట్టిగా ఉంటుంది, మిగతాదాంతో కలపరు. ఆడగొర్రె అయితే పొదుగు మొనల మీద ఎడమచెయ్యి అడ్డంపెట్టి వెనక్కాళ్ల మధ్య చేస్తారు. తర్వాత ఎడమ తొడ, తోక, తల. అక్కణ్నుంచి మెడ. మెడ కింద మెషిన్ పైకి వెళ్లేటప్పుడు ఉన్ని రెండుగా విచ్చుకుంటుంది. పైన బూడిదరంగు మట్టి, లోపల మీగడ తెలుపు. ఎన్నిసార్లు చూసినా నా చీపురు అక్కడ ఆగిపోయేది, తిట్లు పడేవి. తర్వాత గొర్రెని పడుకోబెట్టి, దాని మీదుగా కాలు దాటించి, తోక నుంచి తలదాకా వీపు పొడవునా బారు కోతలు. చివరికి కుడిపక్క. మెరినో జాతి గొర్రె అయితే మొత్తం చొక్కా విప్పినట్టు ఒకే ముక్కగా ఊడొస్తుంది. చెయ్యి తిరిగినవాడికి ఇదంతా రెండు మూడు నిమిషాలు.

కాబట్టి రీలుపిచ్చి గారూ, మీరు అడిగిన కట్ లేని షాట్ మూడు నిమిషాలే. ఎవరైనా తీయొచ్చు.

రీలుపిచ్చి
అన్నా, ఇంత వివరంగా రాసినందుకు థాంక్స్. ఒక డౌటు. నేను చూసిన కొన్ని డాక్యుమెంటరీల్లో గొర్రెని కూర్చోబెట్టలేదు. కాళ్లు కట్టేసి నేల మీద పక్కకి పడుకోబెట్టి పెద్ద కత్తెరతో తీస్తున్నారు. వాళ్లకి రానట్టా, లేక కెమెరా కోసం అలా పెట్టారా?

ఎడారిఓడ
రాకపోవడమేంటండీ! సంచార కాపరులు చాలాచోట్ల అలాగే చేస్తారు. కాళ్లు కట్టి, పక్కకి వాల్చి, చేతికత్తెరతో. గొర్రె కదలదు, ఒక్కడే నింపాదిగా చేసుకోవచ్చు. షెడ్డుపిల్లోడు గారు చెప్పిన వరస పెద్ద మందల వల్ల వచ్చింది. వేల గొర్రెల్ని వారాల్లో పూర్తిచేయాలంటే కాళ్లు కట్టడం విప్పడం ఎవరు చేస్తారు? ఇవాళ షెడ్లలో కనిపించే పద్ధతికి ఒక రూపం తెచ్చింది న్యూజీలాండ్‌కి చెందిన గాడ్‌ఫ్రే బోవెన్, ఆయన అన్నదమ్ములు. ఆయన 1953లో తొమ్మిది గంటల్లో 456 గొర్రెల ఉన్ని తీసి రికార్డు పెట్టారు.

అసలు కత్తెరే అక్కర్లేని గొర్రెలూ ఉన్నాయి. షెట్లాండ్, సోయ్ లాంటి పాతజాతులకి వేసవి ముందు ఉన్ని దానంతటదే వదులవుతుంది. చేత్తో లాగితే వచ్చేస్తుంది. ఒకే పద్ధతిని ‘అసలైనది’ అనుకుని మిగతా సినిమాల్ని కొలవకండి.

సౌండుపెట్టె
పది సెకన్ల సీను గురించి నా థియరీ చెప్తాను. దానికి దర్శకుల్ని తిట్టే ముందు కెమెరాని చూడాలి. పాత న్యూస్‌రీళ్లు తీసిన చేతికెమెరాల్లో చాలావాటికి స్ప్రింగు కీ ఉండేది. ఒకసారి పూర్తిగా తిప్పితే అరనిమిషం అటూఇటూగా నడిచేవి. చేతికత్తెరతో ఒక గొర్రె పూర్తికావడానికి అంతకు ఎన్నో రెట్లు పడుతుంది. కాబట్టి మొదలు, మధ్య, చివర మూడు ముక్కలు తీసి అతికించేవాళ్లు. కత్తెర, ఉన్ని, నున్నటి గొర్రె. ఆ మూడు ముక్కల అలవాటే తర్వాత కథాచిత్రాలకీ పాకిందని నా అనుమానం.

1975 నాటికి ఆ సాకు లేదు. 35 ఎంఎం ఫిల్ము 400 అడుగుల రీలు నాలుగున్నర నిమిషాల దాకా వస్తుంది. అన్నగారు చెప్పిన మూడు నిమిషాల గొర్రె అందులో హాయిగా పడుతుంది. అడ్డొచ్చేది సౌండు. షెడ్డులో మెషిన్ల మోత ఎలా ఉంటుందో ఆయనే చెప్పాలి. ఆ మోతలో డైలాగు రికార్డు చేయడం నరకం. స్టూడియోలో మళ్లీ మాట కలపాలి, పెదాలు కలవాలి. అంత తలనొప్పి ఎందుకని ఫిడేలు పెట్టేస్తారు!

‘స్వీట్‌గ్రాస్’ (2009) చూడండి. ఇలీసా బార్బాష్, లూసియన్ కాస్టెయింగ్-టేలర్ చేశారు. అమెరికాలో మోంటానా కొండల్లోకి వేసవి మేతకి గొర్రెల్ని తోలుకెళ్లే చివరి రోజులు. కామెంటరీ లేదు, సంగీతం లేదు. మొదట్లోనే కత్తిరింపు ఉంది, గొర్రెలు పిల్లలు వేయడం ఉంది. సౌండు విషయంలో నేను చూసిన వాటిలో దానికి సాటి లేదు. కాపరులకి వైర్‌లెస్ మైకులు తగిలించారు. తెర మీద కొండంత లోయ, అందులో మనిషి చుక్కంత కనిపిస్తాడు, అతని ఊపిరి మాత్రం మన చెవి పక్కన వినిపిస్తుంది. గొర్రెల్ని బూతులు తిడుతుంటాడు. ఒకచోట కొండమీద నిలబడి ఫోన్‌లో వాళ్లమ్మతో మాట్లాడుతూ ఏడ్చేస్తాడు. మోకాలి నొప్పి, కుక్క కాళ్లు అరిగిపోయాయి, ఇక నావల్ల కాదు అని. వెనక పోస్టుకార్డు లాంటి కొండలు.

జీవకారుణ్యం
అందరూ షాట్లు, రీళ్లు అంటున్నారు. గొర్రె సంగతి ఎవరూ ఎత్తరేం? 2014లో జంతువుల హక్కుల సంస్థ ‘పీటా’ బయటపెట్టిన షెడ్డు వీడియోలు చూసినవాళ్లెవరూ ఈ పని గురించి ఇంత ముచ్చటగా మాట్లాడలేరు. గొర్రెల్ని కొట్టడం, గాయాలు, రక్తం. సినిమాలు పది సెకన్లకే కోసేసేది అందుకే అనుకుంటాను, చూపిస్తే జనం తట్టుకోలేరు. పల్లె జీవితం అందంగా ఉందని అమ్మడానికి రక్తాన్ని ఎడిటింగ్ టేబుల్ మీద తుడిచేస్తారు.

కొత్తచూపు
నాకు తెలిసిన ఒకే ఒక్క కత్తిరింపు సీను ‘ఎ క్లోజ్ షేవ్’లో షాన్ గొర్రెపిల్ల మెషిన్‌లో పడటం 😄 ఉన్ని తీసి స్వెటర్ కూడా అల్లిపెడుతుంది. ఇది లెక్కలోకి వస్తుందా?

మాటినీమేడం
కొత్తచూపు, తప్పకుండా వస్తుంది. బంకమన్ను బొమ్మకైనా ఉన్ని పోయాక చలేస్తుందని చూపించిన సినిమా అది.

షెడ్డుపిల్లోడు
జీవకారుణ్యం గారూ, మీ కోపాన్ని కాదనను. ఆ వీడియోలు నిజమే. గొర్రెకింత అని కూలి కట్టినప్పుడు తొందర వస్తుంది, తొందరలో చెయ్యి మొరటుదవుతుంది. నేను చూసిన మంచివాళ్ల చేతుల్లో గొర్రె ఒళ్లు వదిలేసి కూర్చునేది. చెడ్డవాళ్ల దగ్గర తన్నులాట. తేడా మొదటి అరనిమిషంలోనే తెలిసిపోతుంది. పాత షెడ్లలో తారు డబ్బా పట్టుకుని ఒక కుర్రాడు ఉండేవాడు. చర్మం తెగితే ‘తార్!’ అని అరుస్తారు, వాడు పరుగెత్తుకొచ్చి పూస్తాడు. దానికోసం ఒక ఉద్యోగమే ఉందంటే ఎంత మామూలుగా తెగేదో చూడండి.

కానీ కత్తిరించకుండా వదిలేయడం ఇంకా దారుణం. మెరినో ఉన్ని పెరుగుతూనే ఉంటుంది, దానంతట రాలదు. మనుషులు తరాల తరబడి ఏరి పెంచిన జాతి అది. న్యూజీలాండ్‌లో ష్రెక్ అనే పొట్టేలు ఆరేళ్లు గుహల్లో దాక్కుని 2004లో దొరికింది. టీవీలో లైవ్‌గా కత్తిరించారు, 27 కిలోలు వచ్చింది. 2015లో కాన్‌బెరా దగ్గర దొరికిన ఇంకోదానికి 41.1 కిలోలు. మత్తు ఇచ్చి తీయాల్సి వచ్చింది. అంత బరువు మోసుకుంటూ అది నడవడమే కష్టం.

సౌండుపెట్టె గారు అడిగిన మోత గురించి: పైన ఒక పొడవాటి ఇరుసు తిరుగుతుంటుంది, దానికి ఒక్కో మనిషి తలమీదుగా మెషిన్ వేలాడుతుంది. పాత షెడ్లలో ఆ ఇరుసుకి ఒకే ఇంజను. కొత్త షెడ్లలో ఎవరి మోటారు వాళ్లదే. మోత పైన రేడియో, ఆ రేడియో పైన కుక్కల అరుపులు. మాట్లాడుకోవడమంటే సైగలే.

జీవకారుణ్యం
మనుషులే ఉన్ని రాలని జాతిని తయారుచేసి, ఇప్పుడు కత్తిరించకపోతే పాపం అనడం బాగానే ఉంది. సరే, ఆ వాదన ఇక్కడ తేలేది కాదు. కానీ కూలి పద్ధతే మొరటుతనానికి కారణమంటున్నారు చూడండి, అది ఏ సినిమాలోనైనా చూపించారా? నాకు తెలిసి కార్మికుడి కష్టం చూపిస్తారు, గొర్రె మీద దాని ఫలితం చూపించరు.

మోడరేటర్
చర్చ బాగా నడుస్తోంది. మాంసాహారం, శాకాహారం వైపు మాత్రం మళ్లనివ్వకండి. దానికి వేరే థ్రెడ్ ఉంది, అది ఆల్రెడీ తగలబడుతోంది.

మాటినీమేడం
జీవకారుణ్యం గారి ప్రశ్న మంచిది. సండే టూ ఫార్ అవేలో సమ్మె ఎందుకు వచ్చిందో గుర్తుంది కదా, బోనస్ తీసేశారు. తొమ్మిది నెలలు సాగిన సమ్మె అది, చరిత్రలో నిజంగా జరిగింది. ఈ పనికి సమ్మెలు కొత్త కాదు. 1891లో క్వీన్స్‌లాండ్‌లో ఉన్ని కత్తిరించేవాళ్ల పెద్ద సమ్మె జరిగింది, ఆస్ట్రేలియా లేబర్ పార్టీ పుట్టుకకి అదొక కారణం. అంటే ఈ షెడ్డు రాజకీయంగా నిప్పుల కుంపటి. అలాంటిదాన్ని మనం సినిమాల్లో నవ్వుమొహాలుగా ఎందుకు చూస్తున్నాం?

నా అనుమానం బొమ్మల మీద. టామ్ రాబర్ట్స్ 1890లో పూర్తిచేసిన ‘షియరింగ్ ద రామ్స్’ చూడండి, మెల్‌బోర్న్‌లో నేషనల్ గ్యాలరీ ఆఫ్ విక్టోరియాలో ఉంది. వరసగా వంగిన మగవాళ్లు, చేతుల్లో స్ప్రింగు కత్తెరలు, పక్కనుంచి బంగారు వెలుతురు. మధ్యలో తారు డబ్బా కుర్రాడు మనవైపు చూసి నవ్వుతుంటాడు! చుట్టూ ఎవరికీ తల ఎత్తే తీరిక లేదు, నవ్వేది వాడొక్కడే. రీలుపిచ్చి గారు చిరాకుపడ్డ ఆ నవ్వు సినిమాలకి అక్కణ్నుంచే వచ్చిందేమో. ఇంకో సంగతి. ఆ బొమ్మ పూర్తయ్యేనాటికే మెషిన్లు వచ్చేశాయి. న్యూసౌత్‌వేల్స్‌లో డన్‌లప్ అనే చోట 1888లోనే మంద మొత్తాన్ని మెషిన్లతో కత్తిరించారు. ఆయన గీసింది అప్పటికే పాతబడుతున్న పద్ధతిని.

రీలుపిచ్చి
మేడం, ఆ బొమ్మ ఇప్పుడే నెట్‌లో చూశాను. వెలుతురు మాత్రం అద్భుతం. వంగిన నడుములన్నీ ఒకే లైనులో ఎంత అందంగా ఉన్నాయో. అందం ఉండటమే తప్పని నేను అనను. అందం చూశాక పని కనిపించకుండా పోతే ఇబ్బంది. చేతికత్తెరతో అప్పట్లో ఎంత వేగంగా చేసేవాళ్లో?

షెడ్డుపిల్లోడు
షెడ్డుల్లో ఆ ప్రశ్నకి ఒకే పేరు చెప్తారు: జాక్ హౌ. క్వీన్స్‌లాండ్, 1892. చేతికత్తెరతో 7 గంటల 40 నిమిషాల్లో 321 గొర్రెలు. భాగహారం చేస్తే ఒక్కోదానికి నిమిషంన్నర కూడా పడలేదు. అప్పటి గొర్రెల మీద ఇప్పటంత ఉన్ని ఉండేది కాదు, నిజమే. అయినా మెషిన్ వచ్చాక కూడా ఆ అంకెని దాటడానికి 1950 దాకా పట్టింది. షియరర్లు, అంటే ఉన్ని కత్తిరించేవాళ్లు, వేసుకునే చేతుల్లేని బనియన్‌ని ఇప్పటికీ ఆయన పేరుతోనే పిలుస్తారు.

ఆ రోజు అక్కడ కెమెరా లేదు. ఉన్నా ఏం కనిపించేది? వంగిన వీపు. ఆ పని బాగా చేసేవాణ్ని చూస్తే తొందరపడుతున్నట్టు అస్సలు ఉండదు. అనవసరమైన కదలిక ఒక్కటీ ఉండదు, అంతే. ఒకసారి కోసినచోట మళ్లీ కత్తెర పడకూడదు. పడితే పొట్టిముక్కలు వస్తాయి, ఉన్ని ధర పడిపోతుంది. సినిమావాళ్లు వేగం చూపించాలని చేతుల్ని టకటకా ఆడిస్తారు. తెలిసినవాడికి అది నవ్వులాటగా ఉంటుంది.

ఎడారిఓడ
కత్తిరింపు ఒక్కటే కొలమానం అయితే మంచి సినిమాలు చాలా పోతాయి. ‘గ్రాస్’ (1925) మూకీలో ఉన్ని కత్తిరింపు కోసం వెతకడం అనవసరం. పర్షియాలో బఖ్తియారీ తెగవాళ్లు మందలతో వలసపోవడం అది. కరూన్ నదిని గాలి ఊదిన మేకతోళ్ల తెప్పల మీద దాటతారు, జర్ద్ కుహ్ మంచుకొండని వట్టికాళ్లతో ఎక్కుతారు. తీసినవాళ్లలో ఇద్దరు, కూపర్, షోడ్‌సాక్, తర్వాత ‘కింగ్ కాంగ్’ తీశారు. మూడో మనిషి మార్గరీట్ హారిసన్ తెర మీదే కనిపిస్తుంది. వాళ్ల జీవితంలో పెద్ద సంగతి దాటడం. కత్తిరింపు కాదు.

మన ‘కొండపొలం’ (2021) కూడా అంతే. సన్నపురెడ్డి వెంకట రామిరెడ్డి గారి నవల, క్రిష్ దర్శకత్వం. కరువులో మందల్ని నల్లమల మీదికి తోలుకెళ్లడం. అక్కడ ప్రశ్న మేత, నీళ్లు, పులి. కాపరి రోజంతా చూసేది గొర్రె వీపుని కాదు, దాని ముందున్న గడ్డిని. ఏ సినిమా అయినా ఆ చూపు పట్టుకుంటే నాకు చాలు.

సౌండుపెట్టె
ఎడారిఓడ గారితో సగం ఏకీభవిస్తాను. మిగతా సగం ‘తుల్పన్’ (2008) కోసం దాచుకుంటున్నాను. కజక్ స్టెప్పీ గడ్డిమైదానాల్లో కథ. దర్శకుడు సెర్గీ ద్వార్త్సెవోయ్ అంతకుముందు డాక్యుమెంటరీలు తీసినవాడు. కాన్ ఫిల్మ్ ఫెస్టివల్‌లో ‘అన్ సర్టెన్ రిగార్డ్’ విభాగం బహుమతి వచ్చింది. అందులో నటుడు నిజంగా ఒక గొర్రెకి పురుడు పోస్తాడు. డూప్ లేదు, కట్ లేదు. పిల్ల అడ్డం తిరిగిందా, బతికి ఉందా అని అతనికీ తెలియదు, మనకీ తెలియదు. ఊపిరి అందక దాని నోట్లోకి ఊదుతాడు. నేను చూస్తూ టెన్షన్‌తో కుర్చీ అంచుకి వచ్చేశాను. రీలుపిచ్చి గారు అడిగినది ఇదే కదా? పని కత్తిరింపు కాదు, అంతే తేడా.

రీలుపిచ్చి
తుల్పన్ నిన్న రాత్రి చూశాను. ఆ సీను అయ్యాక పాజ్ చేసి లేచి తిరగాల్సి వచ్చింది. మేడం చెప్పిన పోటీ సీను కూడా చూశాను, ముసలాయన మొహంలో ఒక్క గీత కూడా కదల్లేదు!

అయితే నా పట్టు వదలను. పురుడు దానంతటదే నాటకం, ఎవడు తీసినా ఊపిరి బిగబట్టి చూస్తాం. కత్తిరింపులో నాటకం లేదు, ఒక గొర్రె తర్వాత ఇంకో గొర్రె. విసుగుపుట్టే పనిని విసుగు లేకుండా చూపించడమే నాకు కావాలి.

మాటినీమేడం
అయితే ‘రామ్స్’ (2015) మీకు నచ్చకపోవచ్చు, నేను మాత్రం చెప్తాను. ఐస్‌లాండ్ సినిమా, దర్శకుడు గ్రీముర్ హౌకొనార్సన్. నలభై ఏళ్లుగా మాట్లాడుకోని అన్నదమ్ములు, పక్కపక్క ఇళ్లు, గొర్రెలకి రోగం వచ్చి మొత్తం చంపేయమంటారు. పోటీలో పొట్టేలు వీపు మీద చెయ్యేసి కండ ఎంతుందో చూసే సీను ఉంది. గొర్రెని తాకే చెయ్యి ఎవరిదో తెలిసిపోయే సినిమా. దీన్ని 2020లో ఆస్ట్రేలియాకి మార్చి శామ్ నీల్‌తో మళ్లీ తీశారు. నాకు మొదటిదే ఎక్కింది.

‘పాద్రే పద్రోనే’ (1977) కూడా మర్చిపోకండి. తండ్రి వచ్చి క్లాసులోంచి పిల్లాణ్ని గొర్రెల కాపలాకి లాక్కుపోతాడు. ఇటలీలోని సార్దీనియా దీవిలో కథ. కాన్‌లో అన్నిటికంటే పెద్ద బహుమతి పామ్ డోర్ గెలిచింది. కాపరి జీవితం ప్రశాంతం అనేవాళ్లకి ఇది చూపించాలి.

జీవకారుణ్యం
స్వీట్‌గ్రాస్ చూశాను. నేను అనుకున్నంత కోపం రాలేదు. చచ్చిన పిల్ల తోలు ఒలిచి ఇంకో అనాథ పిల్లకి తొడుగుతారు, తల్లి వాసన చూసి పాలిస్తుందని. చూడటం కష్టంగానే ఉంది, కానీ అందులో మొరటుతనం లేదు. ఏదీ తుడిచేయకుండా ఉంచారు. కత్తిరింపు సీనులో మాత్రం ఒకటి అర్థం కాలేదు. బయట మంచు ఉంది కదా, అంత చలిలో ఉన్ని తీసేస్తే అవి బతుకుతాయా? వేసవిలో తీయొచ్చుగా?

షెడ్డుపిల్లోడు
మంచి ప్రశ్న. ఈనే ముందు కత్తిరించడం చాలాచోట్ల కావాలనే చేస్తారు. పొదుగు చుట్టూ ఉన్ని లేకపోతే పిల్లకి చన్ను సులువుగా దొరుకుతుంది. తల్లికి చలి తెలుస్తుంది కాబట్టి గాలి తగలని చోటు చూసుకుని పడుకుంటుంది, పిల్లకీ అదే కాపు. ఒళ్లంతా ఉన్ని ఉన్న గొర్రెకి చలి తెలియదు, గాలివానలోనే ఈనేస్తుంది, తడిపిల్ల చనిపోతుంది. కొట్టంలో ఈనించేటప్పుడు చోటు కూడా కలిసొస్తుంది.

కానీ మేత పెంచాలి. ఉన్ని పోయిన గొర్రె ఒళ్లు వెచ్చగా ఉంచుకోవడానికి ఎక్కువ తింటుంది. కత్తిరించాక కొన్నాళ్లు వాతావరణం మీద కన్నేసి ఉంచుతారు, చలివాన వచ్చేలా ఉంటే లోపలికి తోలేస్తారు. చలి ప్రాంతాల్లో మెషిన్‌కి ఎత్తుగా ఉండే దువ్వెన వేస్తారు, ఒంటి మీద కాస్త ఉన్ని మిగులుతుంది. చేతికత్తెర అయితే సహజంగానే ఇంకొంచెం ఎక్కువ మిగులుస్తుంది. న్యూజీలాండ్ ఎత్తుకొండల్లో కొన్ని మందల్ని ఇప్పటికీ మెషిన్ పక్కన పెట్టి చేతికత్తెరతోనే తీసేది అందుకే. రీలుపిచ్చి గారూ, మీ మూడు నిమిషాల షాట్ ఎవరైనా తీయాలనుకుంటే అక్కడికి వెళ్లమనండి. మెషిన్ మోత ఉండదు, సౌండుపెట్టె గారికీ ఇబ్బంది లేదు.

సౌండుపెట్టె
చేతికత్తెర అయితే మూడు నిమిషాలు చాలదుగా అన్నా. రీలు పెద్దది పట్టుకెళ్లాలి.